ఐదో నవలలో నేను చంపిన పోలయ్య

నా ఐదో నవల చివరి అధ్యాయంలో ఒక దేశద్రోహి చనిపోతాడు. పులికాట్ సరస్సు మీద, పొద్దుపొడుపు వేళ, తన సొంత పడవలో, చేతిలో ఎర్రగుడ్డతో. పాఠకులు నాకు రాసే ఉత్తరాల్లో ఎక్కువ భాగం ఆ ఘట్టం గురించే. "కళ్లకు కట్టినట్టు రాశారు, నిజంగా జరిగిందా?" అని అడుగుతారు. నేను అందరికీ ఒకే జవాబు రాసేవాణ్ణి: "కొంత నిజం, కొంత కల్పన. ఏది ఏదో చెప్పకూడదు." ఆ వాక్యం రాసేటప్పుడు నాకు కాస్త గర్వంగా కూడా ఉండేది.

ఇప్పుడు చెబుతాను. సరస్సు నిజం. పడవ నిజం. ఎర్రగుడ్డ నిజం. దేశద్రోహం కల్పన. ఆ మనిషి పేరు పోలయ్య. బతికే ఉన్నాడు. ఆ కల్పన నేను నవల కోసం చేసింది కాదు. నవలకు పన్నెండేళ్ల ముందే, ఉద్యోగంలో ఉండగా, రిపోర్టులో చేశాను.

నిఘా శాఖలో ఇరవై రెండేళ్లు పనిచేసి, నలభై ఆరో ఏట స్వచ్ఛందంగా బయటికి వచ్చి, గూఢచారి నవలలు రాసుకుంటూ బతుకుతున్నవాణ్ణి నేను. ఆ నవలలు చదివి ఈ ఉద్యోగంలోకి రావాలనుకుంటూ నన్ను సలహా అడిగే పిల్లలు చాలామంది ఉన్నారు. ఇది వాళ్ల కోసం. ఇందులో శాఖ రహస్యాలు లేవు. ఒక తప్పు మాత్రం ఉంది. తప్పును రహస్యం అనకూడదని నాకు చాలా ఆలస్యంగా తెలిసింది.

పని అంటే ఏమిటి

నా నవలల్లో హీరో పరిగెడతాడు. ఇరవై రెండేళ్లలో నేను పరిగెత్తింది రైలు తప్పిపోతుందని మాత్రమే. మా పని కూర్చోవడం. టీ కొట్టు ముందు, బస్టాండు బెంచీ మీద, మంగలి షాపులో. కూర్చొని, విని, సాయంత్రానికి ఒక పేజీ రాయడం. ఆ పేజీ కింద పేరు ఉండదు, అంకె ఉంటుంది. మనకు మాట మోసుకొచ్చే మనిషికీ ఒక అంకె. అంకె అంకెకు చెప్పిన మాట పైకి పోతుంది. పైన ఎవరో దాన్ని నమ్ముతారు. అంతే.

మొదట్లో నన్ను సూళ్లూరుపేటలో వేశారు. ఒకవైపు సరస్సు, ఒకవైపు చెన్నై రైళ్లు, మధ్యలో దీవిలో అంతరిక్ష కేంద్రం. అక్కడ ఏం జరిగినా పైవాళ్లకు ఆసక్తి. నా మొదటి అధికారి శేషగిరి గారు. సన్నగా, ఎప్పుడూ పొడుం పీలుస్తూ ఉండేవారు. ఆయన దగ్గర నేను చేసిన మొదటి ఘనకార్యం చెబుతాను.

ప్రతి మంగళవారం చెన్నై రైలు దిగి, ఒక నల్ల సంచితో ఊరి చివరకు పోయి, గంటలో తిరిగి రైలెక్కే మనిషిని కనిపెట్టాను. మూడు వారాలు వెంట తిరిగాను. రెండు పేజీలు రాశాను. శేషగిరి గారు చదివి, "సంచిలో ఏముందోయ్?" అన్నారు.

"తెలీదు సార్. గట్టిగా పట్టుకుంటాడు."

"మూడు వారాలు వెంట తిరిగావు. ఒక్కసారి పోయి, ఏమండీ, టైమెంతయింది అని అడిగినావా?"

"అడిగితే అనుమానం వస్తుంది గదా సార్."

"ఎవరికి?"

నాలుగో మంగళవారం ఆయనే నాతో వచ్చారు. ఆ మనిషి పక్కన నడుస్తూ మాట కలిపారు. ఊరి చివర పక్షవాతంతో పడి ఉన్న అక్కకు మందులూ, ఆమెకు ఇష్టమని చెన్నైలో ఒక కొట్టు నుంచి మురుకులూ తెస్తున్నాడట. మాకూ రెండు పెట్టాడు. వెనక్కి వచ్చేటప్పుడు శేషగిరి గారు ఒక మాట అన్నారు: "మన పనిలో రోగం ఇదేనోయ్. చూస్తాం, అడగం. చూసిందానికి మనమే అర్థం చెప్పేసుకుంటాం. ఎవడైనా నీకొక మాట చెప్పాడంటే, ఆ మాట కంటే ముందు వాడెందుకు చెప్పాడో రాయి. అది రాయలేకపోతే రెండోది రాయొద్దు."

మురుకుల సంగతి నా రెండో నవలలో హాస్యం కోసం వాడుకున్నాను. ఆ తర్వాత ఆయన అన్న మాటలు వాడుకోలేదు, ఉద్యోగంలోనూ నవలలోనూ.

సరస్సు మీద మనిషి

మధ్యలో ఎక్కడెక్కడో తిరిగి, ముప్పై తొమ్మిదో ఏట మళ్లీ సూళ్లూరుపేటకే వచ్చాను. అప్పటికి శేషగిరి గారు రిటైరయ్యారు. కొత్త అధికారి పేరు భాస్కరం అందాం. తీరం మీద నిఘా పెంచమని పైనుంచి రోజూ ఫోన్లు వస్తున్న కాలం. ఏమీ జరగడం లేదని రాస్తే భాస్కరం గారికి నచ్చేది కాదు. "ఏమీ లేదని రాయడానికి నువ్వెందుకయ్యా? ఆ మాట ఇక్కడ కూర్చొని నేనే రాయగలను," అనేవారు.

సరస్సు ఒడ్డున ఒక పల్లెలో రమణయ్య అనే మనిషి నాకు మాటలు చెప్పేవాడు. బయటి ఊరి నుంచి ఇల్లటపు అల్లుడిగా వచ్చినవాడు. ఎడమ చెవికి పోగు, ఎప్పుడూ నవ్వుమొహం. ఒకరోజు వాడిని అడిగాను: "అనుమానంగా తిరిగేవాళ్లు ఎవరన్నా ఉన్నారా మీ ఊళ్లో?"

వాడు బీడీ ముట్టించాడు. "ఒకడుండాడు సార్. పోలయ్య. తొమ్మిది దినాలకొకతూరి కాలవ మొగ దగ్గరికి ఒంటిగా పోతాడు. ఆడ గెడకు ఎర్రగుడ్డ కట్టి ఎత్తుతాడు. ఎవురి కోసరమో మరి."

కాలువ మొగ అంటే దీవి వైపు నీళ్లు సరస్సులోకి దారి తీసుకునే చోటు. నేను దూరదర్శిని పట్టుకొని ఒడ్డున సర్వి తోపులో, సరుగుడు చెట్ల చాటున, కూర్చున్నాను. రమణయ్య చెప్పిన రోజునే పోలయ్య వచ్చాడు. వల దించాడు, లాగాడు, చివర్లో గెడ నిలబెట్టి ఎర్రగుడ్డ ఎత్తాడు. కాసేపటికి దూరాన ఇంకో పడవ కదిలింది. తొమ్మిది రోజులు లెక్కపెట్టి మళ్లీ పోయాను, మధ్యలో ఒక్కరోజూ అటు పోకుండా. అదే పోలయ్య, అదే గుడ్డ, దూరాన కదిలింది కూడా అదే పడవ. మూడోసారి కూడా అంతే. పదిహేనేళ్ల ఉద్యోగంలో మొదటిసారి ఒక నవల లాంటిది నా కళ్ల ముందు జరుగుతోంది.

రాశాను. నాలుగు పేజీలు. తేదీలు, వేళలు, గాలి వాలు, గుడ్డ రంగు.

భాస్కరం గారు చదివి లేచి నిలబడ్డారు. నెలలోపే ఇంకో రెండు శాఖల నుంచి అదే మనిషి మీద అదే సమాచారం వచ్చింది. "మూడు చోట్ల నుంచి నిర్ధారణ అయింది. ఇంక ఆలోచించేదేముంది?" అన్నారు. పోలయ్యను పట్టుకొచ్చారు.

నన్ను ఒక్కసారి ఆ గదిలోకి పిలిచారు. పొట్టిగా, బలంగా, నలభై ఐదేళ్ల మనిషి. లుంగీ తడిగా ఉంది, సరస్సు మీద నుంచే తెచ్చారు. గుడ్డ ఎందుకు ఎత్తావని అడిగారు.

"వంతు గుడ్డ సార్ అది."

"ఏం వంతు?"

"మా వంతు సార్. మేం తొమ్మిది కుటుంబాలోళ్లం. ఆ చోటు దినానికొకరిది. నా పని అయిపోయినాక గుడ్డ ఎత్తితే రేపటి వంతోడు వచ్చి వాడి వల గుంజలు నాటుకుంటాడు. అందాకా ఎవురూ ఆ నీళ్లలోకి రాకూడదు. ఊళ్లో ఎవుర్నన్నా అడగండి సార్. పిలకాయల్ని అడిగినా చెప్తారు."

ఊళ్లో ఎవరినీ అడగలేదు. అడిగితే విషయం బయటపడుతుందని మా నియమం. నేను ఆ కాగితం అంచున నా చేత్తో రాసిన మాట నాకు ఇప్పటికీ గుర్తుంది: "ముందే సిద్ధం చేసుకున్న జవాబు."

ఇక్కడ ఒక సంగతి చెప్పాలి. నేను సంగం దగ్గర వరి రైతు కొడుకుని. మా కయ్యలు, అంటే వరి మడులు, కాలువ చివర ఉండేవి. నీళ్లు వంతుల ప్రకారం వచ్చేవి. మా వంతు నాడు నాన్న తెల్లవారేసరికే పార భుజాన వేసుకొని తూము దగ్గర నిలబడేవాడు. మడి నిండాక పారకు తువ్వాలు కట్టి పైకెత్తితే, అవతలి కయ్య వాళ్లు వచ్చి తూము తిప్పుకునేవాళ్లు. చిన్నప్పుడు ఆ తువ్వాలు ఎత్తే పని కోసం నేనూ మా అన్నా కొట్టుకునేవాళ్లం. అదే తువ్వాలు, నీళ్లు కాస్త ఉప్పగా అయ్యేసరికి, నాకు దేశద్రోహంగా కనిపించింది. ఆ గదిలో ఒక్క క్షణం మా నాన్న గుర్తుకొచ్చి ఉంటే చాలు. రాలేదు. అప్పుడు నా మనసంతా భాస్కరం గారు మెచ్చుకోబోయే నా పనితనం మీద ఉంది.

మూడు నోళ్లు కాదు

పోలయ్యను జైలుకు పంపాక నాకొక ప్రశంసా పత్రం వచ్చింది. ఆ తర్వాత మూడు నెలలకు సూళ్లూరుపేట స్టేషను ముందు హోటల్లో ఖాదర్ ఎదురయ్యాడు. సమాచారం పంపిన మిగతా రెండు శాఖల్లో ఒకదానిలో నాలాంటి పనే అతనిది. తమాషా మనిషి.

"ఏం సార్, శాలువా కప్పినారంటనే!"

"కాగితం ఇచ్చినారు ఖాదర్. శాలువా కాదు."

"మాకు అదీ లే. మా మనిషి నోట్లో నుంచి ఆ మాట లాగేదానికి నేను తాగిన టీలకి నాకు గ్యాసు పట్టుకున్యాది. పేరు మాత్రం మీకు."

"ఎవరు మీ మనిషి?" అన్నాను. మాలో ఒకరినొకరు అడగకూడని ప్రశ్న అది. ఆ రోజు ఎందుకో నోరు జారింది.

"పేరు చెప్పకూడదు గానీ, వాడొక ఇల్లటపు అల్లుడు సార్. ఊరి మీద పీకల దాకా కోపం. వాడికి వంతు ఇయ్యలేదంట."

నా చేతిలో దోసె ముక్క అలాగే ఉండిపోయింది. "ఎడమ చెవికి పోగు?"

ఖాదర్ మొహంలో నవ్వు ఆరిపోయింది. "మీకు కూడా రమణయ్యేనా?"

మూడో శాఖకు కూడా రమణయ్యే అని తెలుసుకోవడానికి ఇంకో రోజు పట్టింది. మూడు చోట్ల నుంచి వచ్చిన నిర్ధారణ ఒకే నోటి నుంచి వచ్చింది. ఈ ఉద్యోగంలోకి వచ్చేవాళ్లు ఇంకేం గుర్తుపెట్టుకోకపోయినా ఇది గుర్తుపెట్టుకోండి. మీ మనిషి పేరు మీరు దాస్తారు, పక్క శాఖవాడు వాడి మనిషి పేరు దాస్తాడు. ఆ ఇద్దరూ ఒక్కడే అని తెలిసేది ఆ ఒక్కడికే.

రమణయ్యను పట్టుకొని అడిగాను. వాడు ఏమాత్రం బెదరలేదు.

"ఊరి పెద్దల్లో పోలయ్య ఒకడు సార్. అల్లుళ్లకి వంతు లేదు, కొడుకులకే అని అడ్డం కూర్చున్యాడు. పదేళ్లు ఆ ఊళ్లో నా పెళ్లాం పేరు మీద బతికినా."

"అందుకని అబద్ధం చెప్తావా?"

"ఏం అబద్ధం? గుడ్డ ఎత్తలేదా? మీరు చూడలేదా? అనుమానం మీది. ఎందుకు ఎత్తుతాడని మీరు అడగలా. నేను చెప్పలా."

మనిషి ఎందుకు చెబుతున్నాడో ముందు రాయమన్న శేషగిరి గారి మాట ఆ రోజు గుర్తుకొచ్చింది. అప్పటికి పోలయ్య జైల్లో నాలుగో నెలలో ఉన్నాడు.

భాస్కరం గారి గదికి పోయి అంతా చెప్పాను. ఆయన తలుపు వేసి వచ్చి కూర్చున్నారు. "మూడు శాఖలు కలిసి చెప్పిన మాట తప్పని నువ్వు రాస్తే, మొదట ఎవరి ఉద్యోగం పోతుందో తెలుసా?"

"నాది సార్."

"తెలిసి కూడా రాస్తావా?"

ఆయన గొంతు మెత్తబడింది. "కోర్టులో ఆధారాలు నిలబడవు. వదిలేస్తారు. వాడి ఇంటికి వాడు పోతాడు. అయినా వాడు ఏదో ఒకటి చేసే ఉంటాడులేవయ్యా. అందరూ ఏదో ఒకటి చేసే ఉంటారు."

నేను లేచి వచ్చేశాను. రాయలేదు. భాస్కరం గారిని చెడ్డవాడిగా చూపించి నేను తప్పుకోవచ్చు, వేరే నవలలో అలాగే చేశాను కూడా. కానీ ఆయన నా చెయ్యి పట్టుకొని ఆపలేదు. కాగితం, పెన్ను నా దగ్గరే ఉన్నాయి.

పోలయ్యను ఏడో నెలలో వదిలేశారు. ఆధారాలు లేవని వదిలేశారు గాని, తప్పు చేయలేదని ఎవరూ చెప్పలేదు. ఆ రెండింటికీ మధ్య ఎంత దూరం ఉందో ఆఫీసులో కూర్చున్నవాళ్లకు తెలియదు.

పుస్తకం

ఉద్యోగం మానేశాక నవలలు మొదలుపెట్టాను. కలం పేరుతో. నాలుగు నవలలు ఒక మోస్తరుగా పోయాయి. ఐదోదానికి సరుకు లేదు. ప్రచురణకర్త తొందర పెడుతున్నాడు. నా దగ్గర మిగిలిన ఒకే ఒక్క గొప్ప దృశ్యం సర్వి తోపులో నుంచి చూసినదే.

రాసేటప్పుడు పేరు మార్చాను. ఊరు పేరు మార్చాను. అంతటితో మనిషి మారిపోతాడని ఎలా అనుకున్నానో తెలియదు. పొట్టి మనిషి, తొమ్మిదో రోజు, కాలువ మొగ, ఎర్రగుడ్డ, అన్నీ అలాగే ఉంచాను. "వంతు గుడ్డ సార్ అది" అన్న మాట కూడా ఉంచాను. నవలలో అది వాడు చెప్పే అబద్ధం. హీరో నవ్వి, "బాగా వల్లించావు" అంటాడు. పాఠకులకు బాగా నచ్చిన వాక్యాల్లో అదొకటి.

నిజం తెలిసి ఏళ్లు గడిచాక రాశాను అది. మొదటిసారి రాసింది తెలియక. రెండోసారి తెలిసి. నవల కదా అని నాకు నేను చెప్పుకున్నాను.

పుస్తకం బాగా పోయింది. ఒక పత్రిక నా ఫొటో వేసి, మాజీ నిఘా అధికారి, మన జిల్లావాడే అని రాసింది. నిరుడు నెల్లూరులో ఒక సభ పెట్టారు. ఉపన్యాసాలు అయ్యాక ప్రశ్నలు అడగమన్నారు. వెనక వరుసలో ముప్పై ఏళ్ల లోపు అమ్మాయి లేచింది. ఆసుపత్రి యూనిఫాం మీదే వచ్చింది.

"సార్, ఆ ఎర్రగుడ్డ మనిషి ఎవురు?"

"కల్పిత పాత్ర అమ్మా."

"మా ఊళ్లో అందరికీ తెలిసిపొయ్యింది సార్ ఎవురో. మా నాయన."

సభలో ఎవరో నవ్వారు, తమాషా అనుకొని. ఆమె నవ్వలేదు.

"నాయన జైలు నుంచి వచ్చినాక ఊరోళ్లు మాట్లాడేది మానేసినారు. ఆయన వల్లే ఏడాది పాటు ప్రతి పడవా ఆపి సోదా చేసినారని కోపం. వంతులో నుంచి తీసేసినారు. పోనుపోను మరిచిపోతా ఉన్నారు సార్. మాటలు కలుస్తా ఉండాయి. అప్పుడు మీ పుస్తకం వచ్చింది. ఊళ్లో చదువుకున్న పిలకాయలు పెద్దోళ్లకి చదివి వినిపించినారు. నిఘా ఆఫీసరే రాసినాడంట, అయితే నిజమే అన్నారు."

నిర్వాహకుడు మైకు కోసం చెయ్యి చాచాడు. ఆమె ఇవ్వలేదు. "ఒక్కటి చెప్పండి సార్ చాలు. నిజమా, అబద్ధమా?"

అక్కడ రెండు వందల కళ్లు నన్ను చూస్తున్నాయి. "ఇలాంటి విషయాలు ఇక్కడ మాట్లాడకూడదు తల్లీ" అన్నాను. ఇరవై రెండేళ్లు నేర్చుకున్న వాక్యం. అడగకుండానే నోట్లోకి వచ్చింది.

సభ అయ్యాక మెట్ల దగ్గర నిలబడి ఉంది. పేరు సుజాత. కోపం దిగిపోయి అలసట మిగిలిన మొహం. మెల్లగా చెప్పింది. వచ్చే నెల ఊళ్లో వంతుల చీట్లు వేస్తారు. తండ్రి పేరు జాబితాలో ఉంటేనే తర్వాత కొడుక్కి వంతు వస్తుంది. పేరు లేకుండా తండ్రి పోతే ఆ ఇంటికి ఇంకెప్పటికీ రాదు. నాయనకు అరవై. గుండె బాగాలేదు. తమ్ముడు సూళ్లూరుపేటలో ఆటో తోలుతున్నాడు గాని వాడి మనసు సరస్సు మీదే.

"తీసేసింది మీ మాట మీద సార్. పెట్టాలన్నా మీ మాటే కావాల."

చీట్ల రోజు

వాళ్ల ఊరికి నేను మొదటిసారి పోయింది ఆ రోజే. ఆ ఊరి మీద నాలుగు పేజీల రిపోర్టూ, మూడు వందల పేజీల నవలా రాశాను. ఊళ్లో మాత్రం అడుగుపెట్టలేదు.

అమ్మవారి గుడి ముందు చదునులో మగవాళ్లంతా కూర్చున్నారు. మధ్యలో మట్టికుండ. ఊరి పెద్ద ఆర్ముగం, తెల్ల మీసాల మనిషి, చీట్లు మడుస్తున్నాడు. దూరంగా, వల ఆరేసిన గుంజల పక్కన పోలయ్య ఒక్కడే గొంతుక్కూర్చుని ఉన్నాడు. బలం పోయి, చొక్కా వదులై. నేనే గుర్తుపట్టలేదు. సుజాత చూపించింది.

నేను ఎవరో చెప్పాను. జరిగింది చెప్పాను. రమణయ్య సంగతి, మూడు శాఖల సంగతి, నేను నోరు మూసుకున్న సంగతి. రమణయ్య అప్పటికే ఊరు వదిలి పోయాడట. వాడి అత్తగారి తరఫువాళ్లు తలలు వంచుకున్నారు.

ఆర్ముగం చీటీ మడవడం ఆపాడు. "ఆ పొద్దు నీ మాట నమ్మి మావోణ్ణి బయట పెట్టినాం. ఈ పొద్దు నీ మాట నమ్మి లోపల పెట్టాల్నా? నీ మాటకి విలువ ఏంది సామీ?"

"నిజం చెబుతున్నాను."

"అప్పుడు కూడా అదే చెప్పుంటావు."

వెనక నుంచి ఒక కుర్రాడి గొంతు: "గవర్నమెంటు కాగితం తెచ్చినాడా తాతా?"

"లేదు," అన్నాను. "ఆ కాగితం ఎవరూ ఇవ్వరు."

"ఊరి కట్టుబాటును మేం దురాయి అంటాం సామీ. నోటి మాట మీద దురాయి తీసెయ్యం. రాసిస్తావా? నీ పేరు పెట్టి?"

ఎవరో నోటుపుస్తకంలో నుంచి కాగితం చించి ఇచ్చారు. రాయడం మొదలుపెట్టాను. మూడు వాక్యాల్లోనే అయిపోయింది. పోలయ్య ఏ తప్పూ చేయలేదు. తప్పుడు రిపోర్టు రాసింది నేను. అది తప్పని తెలిసి కూడా చెప్పనిది నేను. చివరకు వచ్చేసరికి చెయ్యి ఆగింది. ఉద్యోగంలో రాసిన ప్రతి కాగితం కింద అంకె. రాసిన ప్రతి పుస్తకం మీద కలం పేరు. నేను రాసినదాని కింద నా పేరు ఎప్పుడూ పెట్టలేదు. మూడు వాక్యాల కంటే ఆ ఒక్క పేరు రాయడానికి ఎక్కువసేపు పట్టింది. సుధాకర్, సంగం దగ్గర రైతు వెంకటసుబ్బయ్య కొడుకు, అని రాశాను.

ఆర్ముగం కాగితం గట్టిగా చదివించాడు. తర్వాత అటు తిరిగి, "రేయ్ పోలయ్యా, ఆడేం చేస్తా ఉండావు? వచ్చి చీటీ రాయించుకో," అన్నాడు. పదిహేనేళ్ల సంగతి ఆ ఒక్క కేకతో సరి. ఎవరూ లేచి కావలించుకోలేదు, ఎవరూ కంటతడి పెట్టలేదు. ఊరి ముసలమ్మ కుండలో చెయ్యి పెట్టి చీట్లు తీసింది. కాలువ మొగకు పోలయ్యది ఆరో వంతు వచ్చింది.

తర్వాత పోలయ్య నా దగ్గరికి వచ్చి నిలబడ్డాడు. నేను నోరు తెరవబోయాను.

"మన్నించమని అడగొద్దు సార్. అడిగితే నేను ఏదో ఒకటి చెప్పాల్సొస్తాది." సరస్సు వైపు తిరిగాడు. "మీ పుస్తకంలో నన్ను చంపేసినారంట గదా. ఎట్ట చచ్చినాను?"

"పడవలో," అన్నాను.

"సొంత పడవలోనా?"

"అవును."

"అయితే మేలే. నిజం పడవ అమ్మేసి పన్నెండేళ్లయింది."

ఆరో రోజు

పుస్తకాన్ని అమ్మకం నుంచి తీసేయమని ప్రచురణకర్తను అడిగాను. "అదొక్కటే పోతోంది, అదీ తీసేయాలా?" అన్నాడు. హక్కులు అతనివి. కొత్త ముద్రణలో ఈ నాలుగు మాటలు ముందు వేయమన్నాను. చూద్దాం అన్నాడు. అందుకే ఇక్కడ రాస్తున్నాను. నా ఐదో నవల మీ దగ్గర ఉంటే, చివరి అధ్యాయం అబద్ధం. అందులో హీరో నేను కాదు, అలాంటివాణ్ణి నేను ఎప్పుడూ చూడలేదు. అందులో నిజం చెప్పినవాడు ఒక్కడే, హీరో వెక్కిరించినవాడు.

ఉద్యోగంలోకి వచ్చేవాళ్లకు సలహా చెప్పే అర్హత నాకు లేదు. అయినా అడిగారు కాబట్టి ఇంతే చెబుతాను. మీరు రాసే పేజీ కింద మీ పేరు ఉంటే అదే మాట రాస్తారా అని చూసుకోండి. రాయలేరనిపిస్తే చించేయండి.

ఆరో రోజు పొద్దున నేను మళ్లీ సర్వి తోపుకు పోయాను. దూరదర్శిని తీసుకుపోలేదు. అవసరం లేదు, ఒడ్డు నుంచి అంతా కనిపిస్తుంది. ఎప్పుడూ కనిపించేదే. పోలయ్య తోడల్లుడి పడవలో పోయాడు, కొడుకు గెడ వేశాడు. వల లాగేటప్పుడు మధ్యలో రెండుసార్లు ఆగి రొమ్ము పట్టుకున్నాడు. పడింది తక్కువే, ఒక బుట్ట కూడా నిండలేదు. దూరాన ఏడో వంతువాడు పడవ ఆపుకొని ఉన్నాడు. పదిహేనేళ్లు పోలయ్యతో మాట్లాడనివాళ్లలో వాడూ ఒకడని సుజాత చెప్పింది. పొద్దెక్కుతోంది, గాలి మారుతోంది, అయినా వాడు కదల్లేదు. పోలయ్య గెడకు ఎర్రగుడ్డ కట్టి ఎత్తాడు. అప్పుడు కదిలాడు.

పడవ ఒడ్డుకు వచ్చింది. పోలయ్య నా పక్కగా పోతూ ఆగాడు.

"రాసుకున్నారా సార్?"

"లేదు."

"రాసుకోండి. అప్పుడు నాలుగు పేజీలు రాసినారంట గదా."

బుట్ట కొడుకు చేతికిచ్చి పోయాడు. నేను సంచిలోంచి కాగితం తీసి, మోకాలి మీద పెట్టుకొని రాశాను: ఆరో వంతు పోలయ్యది. తన చోట, తన రోజున, చేపలు పట్టుకున్నాడు. పని ముగిశాక ఎర్రగుడ్డ ఎత్తాడు.

ఇంకేమీ లేదు. కింద నా పేరు పెట్టాను.